మూడుకీ నాలుగుకీ మధ్య

‘సరుకు’ అనే పేరుతో ఫోన్లలో తిరిగే ర్యాప్ పాటలు వినేవాళ్ళ మధ్య ఒక తగువు చాలాకాలం తెగలేదు. మాటల గురించి కాదు, పాడేది ఎవరన్న దాని గురించీ కాదు. ప్రతి పాట అడుగునా వినిపించే ఒక చప్పుడు గురించి. మొదటి మాటకి ముందే అది గుయ్యిమని సన్నగా మొదలవుతుంది. పాట సాగినంతసేపూ కింద కాలవలా పారుతూనే ఉంటుంది. చివర్లో టక్కుమని ఒక దెబ్బ, అంతే, నిశ్శబ్దం. అది ఓడ ఇంజను అన్నాడు ఒకడు. తేనెపట్టు పక్కన కూర్చుని పాడుతున్నాడన్నాడు ఇంకొకడు. బాగా చదువుకున్నాయన ఎవరో అది తంబురానేనని, కాకపోతే దాని గొంతు మార్చారని పెద్ద వ్యాసమే రాశాడు. ‘మా ఇంట్లో ఫ్రిజ్ అచ్చం ఇలాగే మూలుగుతుంది. కొంపదీసి మా వంటింట్లో కూర్చుని పాడుతున్నారా?’ అని ఒక అమ్మాయి అడిగింది.

ఇవన్నీ చదివి, పాడినవాడు మీసాల చాటున నవ్వుకునేవాడు. జవాబు మాత్రం రాసేవాడు కాదు. రాస్తే ఎవరూ నమ్మరేమోనని ఒక అనుమానం. నమ్మితే సంగతి మేనేజరు చెవిన పడుతుందేమోనని ఇంకో భయం.

అతను ఏడంతస్తుల పాత భవనంలో సరుకుల లిఫ్టు నడిపేవాడు. భవనం నిండా టోకు దుకాణాలే. మూడో అంతస్తులో బట్టల తానులు, నాలుగులో జిప్పులూ బొత్తాలూ, ఐదులో గాజు సామాను, ఆ పైన అట్టపెట్టెలు. లిఫ్టంటే నొక్కితే వెలిగే బటన్లున్నది కాదు. ఒక ఇత్తడి హ్యాండిలు. కుడికి తిప్పితే పైకి, ఎడమకి తిప్పితే కిందకి, మధ్యలో పెడితే అక్కడే. అంతస్తుకి సరిగ్గా ఆపడం చేతి నేర్పు. జానెడు ఎత్తులో ఆగిందా, తోపుడు బండి చక్రం ఇరుక్కుంటుంది, హమాలీల నోట్లో అతని వంశవృక్షం మొత్తం నానుతుంది. ఆ హ్యాండిలు మేనమామ చేతి నుంచి అతని చేతికి వచ్చింది. భవనంలో అందరూ అతన్ని పిలిచేది కూడా ‘హ్యాండిలు’ అనే. పెళ్ళి శుభలేఖ పంచినప్పుడు అందులో పేరు చూసి “ఇదెవరిదన్నా, మీ తమ్ముడిదా?” అని అడిగినవాళ్ళున్నారు.

లిఫ్టు లోపలి గోడకి ఒక బోర్డు ఉండేది: ‘సరుకులకు మాత్రమే. మనుషులు ఎక్కరాదు.’ దాని కిందే స్టూలు వేసుకుని మనిషే రోజంతా కూర్చునేవాడు. అది చూసే తన పాటలకి ఆ పేరు పెట్టుకున్నాడు. “సరుకున్న మనిషివి బావా, పేరు కుదిరింది,” అన్నాడు బావమరిది. వెక్కిరింతో మెచ్చుకోలో అతనికి ఇప్పటికీ తెలీదు.

ఆ భవనంలో లిఫ్టుని పిలవడానికి ఒక పద్ధతి ఉండేది. కరెంటు గంట ఎప్పుడో చచ్చిపోయింది. దాన్ని బాగుచేయించే పాపాన ఎవరూ పోలేదు. అందుకని ఏ అంతస్తువాళ్ళు ఆ అంతస్తు మడత గ్రిల్లు మీద అన్ని దెబ్బలు కొట్టేవాళ్ళు. మూడు దెబ్బలంటే మూడు, ఐదంటే ఐదు. అతను “ఆ, వస్తున్నా!” అని కేకేసి కదిలేవాడు. కొన్నేళ్ళకి దెబ్బలని బట్టి మనిషిని కూడా చెప్పగలిగేవాడు. నాలుగులో బొత్తాల దుకాణం పెద్దాయన ఉంగరం వేలితో టింగు టింగుమని కొడతాడు. ఐదులో గాజు సామాను వాళ్ళు అలవాటు కొద్దీ సుతారంగా తడతారు. ఆరులో అట్టపెట్టెల కుర్రాళ్ళు కాలితో తంతారు. ఒకసారి ఇంట్లో పక్కవాటా ఆవిడ గోడకి మేకు కొడుతుంటే అన్నం ముందు నుంచి లేచి “వస్తున్నా” అన్నాడట. అతని భార్య ఆ సంగతి చెప్పుకుని ఏడాదంతా నవ్వింది.

చప్పుళ్ళంటే అతనికి చిన్నప్పటి నుంచీ ఆసక్తి. బళ్ళో ఎక్కాలు అప్పజెప్పేటప్పుడు ఊరికే చదివేవాడు కాదు. ఒకచోట నొక్కి, ఒకచోట వదిలి, బల్ల మీద వేళ్ళతో దరువేస్తూ చెప్పేవాడు. లెక్క తప్పేది, దరువు తప్పేది కాదు. పాటల పోటీకి పేరిస్తే సంగీతం టీచరు ఒక్క పల్లవి విని, “నీకు గొంతు లేదు నాయనా, చెవులున్నాయి. చక్కగా వినుకో,” అంది. పదేళ్ళ పాటు అతను ఆ మాట మీదే నిలబడ్డాడు.

ఆ తర్వాత ఒకరోజు గాజు సామాను దించడానికి వచ్చిన లారీ డ్రైవరు ఫోనులో ఏదో మోగుతోంది. భాష తెలీదు. కానీ పాడుతున్నవాడు పాడటం లేదు, మాట్లాడుతున్నాడు. ఇంటి ఓనరుతో తగువు పడుతున్నట్టు, ఊపిరి తీసుకోకుండా, దరువు మీద అడుగు తప్పకుండా.

“ఏంటన్నా ఇది? పాటా, పోట్లాటా?” అని అడిగాడు.

“ర్యాప్ అంటారులే. గొంతు లేనోళ్ళు పాడుకునేది,” అన్నాడు డ్రైవరు, పెట్టె దించుతూ.

గొంతు లేనివాళ్ళ కోసం కూడా ఒక పాట ఉందన్న సంగతి ఆ రోజంతా అతన్ని నిలవనివ్వలేదు. సాయంత్రానికి లిఫ్టులో పెట్టెల మీద రాసినవి చదవడం మొదలుపెట్టాడు. మర్నాటికి వాటికి జవాబులు చెప్పడం మొదలుపెట్టాడు.

*పెట్టె మీద రాశారు “పెళుసు, మెల్లగా దించు” అని,*
*మోసేవాడి వీపు మీద ఎవరు రాశారు అలాగని?*
*గాజు గ్లాసు కింద గడ్డి, గడ్డి కింద అట్ట,*
*బస్తా కింద భుజం, భుజం కింద కాలే పొట్ట.*

కాగితం మీద ఒక్క ముక్క పెట్టేవాడు కాదు. ఒక చేత హ్యాండిలు, రెండో చేత గ్రిల్లు. ఇక రాసేది ఏ చేత్తో? నోట్లోనే కట్టి, నోట్లోనే దిద్దుకునేవాడు. బాగుందో లేదో తేల్చేది హమాలీలు. బరువు నెత్తిన ఉన్నవాడు మర్యాదకి నవ్వడు. వాడి పెదవి కదిలిందంటే ఆ వాక్యం ఉంటుంది. “ఇవాళ ఎండగా ఉంది కదన్నా,” అన్నాడంటే ఆ వాక్యం పోతుంది.

రికార్డింగు సంగతే చిత్రం. భోజనాల వేళకి ముందు మూడో అంతస్తుకి వెళ్ళాల్సిన బట్టల తానులు లిఫ్టులోకి ఎక్కించుకునేవాడు. ఎక్కించుకుని, దించేవాడు కాదు. దుకాణాలవాళ్ళు క్యారియర్లు విప్పుకోగానే లిఫ్టుని మూడుకీ నాలుగుకీ మధ్య ఆపేసేవాడు. అక్కడ నాలుగు పక్కలా గోడే. ఏ దుకాణం గోలా లోపలికి రాదు. చుట్టూ నిలువెత్తున పేర్చిన తానులు మాటని పీల్చేసుకుంటాయి. తాను మీద ఫోను పెట్టి, చిన్న మైకు తగిలించి మొదలుపెట్టేవాడు. అంత గది కట్టించుకోవడానికి కంపెనీలవాళ్ళు ఎంత తంటాలు పడతారో అతనికి తెలీదు. తనకి మాత్రం రోజుకొకటి ఉచితంగా దొరికేది, అదీ రకరకాల రంగుల్లో.

అన్నీ పీల్చుకున్నా, తానులు పీల్చుకోలేనిది ఒకటుంది. అది పాతకాలపు లిఫ్టు. తను ఆగినా, పైన గదిలో దాని యంత్రం ఆగదు. స్విచ్చి కట్టేదాకా గుయ్యిమని మూలుగుతూనే ఉంటుంది. పాట అయ్యాక హ్యాండిలు తిప్పితే టక్కుమంటుంది. తగువంతా దీని గురించే.

బావమరిదికి సెలూన్ ఉంది. సెలూన్ వెనక తువాళ్ళు ఆరేసుకునే ఇరుకు గదిలో ఒక కంప్యూటరూ ఉంది. దరువులు తయారుచేయడంలో వాడు ఘనుడు. కత్తెర చప్పుడు, నీళ్ళు చిమ్మే సీసా చప్పుడు కూడా దరువులో కలిపేవాడు. మొదటి పాట తెచ్చి ఇచ్చినప్పుడు, ఆ రొద తీసేయడానికి ఒక పూటంతా కుస్తీ పట్టాడు.

“తీసేశాను బావా. విను.”

ఇద్దరూ విన్నారు. పాట పళ్ళు పీకించుకున్న మొహంలా ఉంది.

“పెట్టెయ్,” అన్నాడతను.

“ఏం పెట్టమంటావు?”

“తీసింది పెట్టెయ్. అది లేకపోతే నేను ఎవరో పరాయివాడిలా ఉన్నాను.”

వాడు కాసేపు తల గోక్కుని, రొదని తిరిగి పెట్టి, తన దరువునే దాని శ్రుతికి దించాడు. అప్పటి నుంచీ వాళ్ళ పాటలన్నిటికీ శ్రుతి పెట్టేది లిఫ్టే. ఎండాకాలంలో యంత్రం వేడెక్కి కాస్త దిగేది. దరువూ దిగేది.

అలా ఎనిమిదేళ్ళలో చాలా పాటలు వచ్చాయి. కంపెనీ లేదు, పోస్టరు లేదు, మొహం లేదు. ఎక్కడో ఎవరో విని ఇంకెవరికో పంపేవాళ్ళు. ఉద్యోగాల కోసం క్యూల్లో నిలబడేవాళ్ళు, హాస్టల్ గదుల్లో ఉండేవాళ్ళు, సామాను చేరవేసేవాళ్ళు. భవనంలో హమాలీలకి తప్ప ఎవరికీ తెలీదు. వాళ్ళు చెప్పరు. భోజనాల వేళ లిఫ్టు ఆలస్యమైతే, “ఎక్కడున్నాడ్రా?” అని దుకాణంవాడు అరిస్తే, “మూడుకీ నాలుగుకీ మధ్య ఇరుక్కుందండీ. పాతది కదా,” అని ఏకకంఠంతో అబద్ధమాడేవాళ్ళు.

అతని భార్య నీళ్ళ సరఫరా ఆఫీసులో ఫోనులో ఫిర్యాదులు తీసుకుంటుంది. రోజంతా చెవుల్లో జనం అరుపులే. ఇంటికొచ్చాక ర్యాప్ వినమంటే దండం పెట్టేది. కానీ ఒక సెలవురోజు, ఏం బుద్ధి పుట్టిందో, బట్టలు మడతపెడుతూ అన్నీ వరసగా విన్నది. అతను గుమ్మంలో నిలబడి ఆమె మొహం చూస్తున్నాడు, హమాలీల మొహం చూసినట్టు.

“బాగున్నాయి,” అంది. “ఒక్కటి అడగనా?”

“అడుగు.”

“పెట్టెలున్నాయి. బస్తాలున్నాయి. ఆ బొత్తాలాయన ఉంగరం కూడా ఉంది. మీరేరి?”

“నేనేంటి?”

“ఇన్ని పాటల్లో మీరెక్కడ? పైగా ప్రతి పాటా సగంలో లేచిపోయిన మనిషిలా ఉంది. మా దగ్గర ఫిర్యాదు చేసేవాళ్ళు కూడా చివరిదాకా చెప్తారండీ. మీరే మధ్యలో ఫోన్ పెట్టేస్తారు.”

అది నిజమే. భోజనాల వేళ అని పేరే గాని, ఎవడో ఒకడు తొందరగా తినేసి గ్రిల్లు కొట్టేవాడు. దెబ్బ వినగానే అతను ఉన్న వాక్యం మీద ఉన్నట్టుగా హ్యాండిలు తిప్పేసేవాడు. అక్కడికి పాట అయిపోయినట్టే. అన్ని పాటలూ అలా తెగినవే. వినేవాళ్ళు దాన్ని అతని శైలి అనుకున్నారు. అతనూ అలాగే అనుకుంటూ వచ్చాడు.

ఆమె అడిగిన మాట ముల్లులా దిగింది. తన గురించి ఒక పాట, మొదలు నుంచి చివరిదాకా, తెగకుండా. అంతే కదా, ఎంతసేపు? మర్నాడే మొదలుపెట్టాడు.

*రోజూ పైకి పోతాను, పైకి వచ్చింది లేదు,*
*ఏ ఫ్లోరని అడుగుతాను, నా ఫ్లోరేదో తెలీదు,*
*తలుపు తీసేది నేనే, ముందు దిగేది వాళ్ళే,*
*నా గొంతు తెలిసినవి గోడలు, వాళ్ళకి తెలిసింది నా వేళ్ళే.*

నాలుగు పాదాలు బ్రహ్మాండంగా వచ్చాయి. ఐదో దాని దగ్గర గ్రిల్లు మోగింది. మర్నాడూ అంతే. కొన్నాళ్ళకి గ్రిల్లు మోగకపోయినా ఐదో పాదం దగ్గర అతనే ఆగిపోవడం మొదలైంది. ఇంకాసేపట్లో ఎవరో కొడతారని చెవి ముందే అటు తిరిగిపోయేది.

సరిగ్గా ఆ రోజుల్లోనే మేనేజరు కిందికి వచ్చి, స్టూలు పక్కన నిలబడి, చాలా దయగా కబురు చెప్పాడు.

“ఏమయ్యా, ఇక నీకు కష్టం తప్పింది. కొత్త లిఫ్టు వస్తోంది. బటన్లది. అన్నీ అదే చూసుకుంటుంది.”

“మరి నేనండీ?”

“గేటు దగ్గర పార్సిళ్ళు చూసుకో. గాలీ వెలుతురూ ఉంటుంది. జీతం అంతే. నీ అదృష్టం.”

“ఈ లిఫ్టునేం చేస్తారండీ?”

“ఇనుము,” అన్నాడు మేనేజరు, అదే దయతో.

గేటు ఉద్యోగం అతన్ని బాధించలేదు. బాధించింది వేరే. లిఫ్టు పోయేలోగా ఆ పాట పూర్తికాకపోతే ఇక ఎప్పటికీ కాదేమోనన్న భయం పట్టుకుంది. ఆ మూలుగు లేకుండా, ఆ తానుల మధ్య కాకుండా తనకి పాట ఉందా, లేక ఇన్నాళ్ళూ పాడింది లిఫ్టేనా? ఇది అతనికి నిజంగా తెలుసుకోవాలని ఉంది. తెలుసుకోవాలంటే భయంగానూ ఉంది.

ఇంట్లో బీరువా తలుపులు తెరిచి, దుప్పట్లు కప్పుకుని ప్రయత్నించాడు. ఐదో పాదం రాలేదు, చెమట వచ్చింది. సెలూన్ వెనక గదిలో తడి తువాళ్ళ మధ్య ప్రయత్నించాడు. ముందు గదిలో గడ్డం గీయించుకుంటున్న పెద్దమనిషి, “లోపల ఎవరితోనో గొడవైనట్టుంది, చూడు నాయనా,” అన్నాడు.

“ఒక పని చేద్దాం బావా,” అన్నాడు బావమరిది. “మూసేసిన సినిమాహాలు సైకిల్ స్టాండులో మనవాళ్ళు ఆదివారం మధ్యాహ్నం మీటింగు పెడుతున్నారు. పాడేవాళ్ళు, వినేవాళ్ళు, అంతా మన బాపతే. నిన్ను రమ్మని రెండేళ్ళుగా నన్ను చంపుతున్నారు. జనం ఎదురుగా ఉంటే ఐదో పాదం అదే తన్నుకొస్తుంది.”

“నా మొహం ఎవరూ చూడలేదు కదరా.”

“చూసినా గుర్తుండే మొహం కాదులే, రా.”

సైకిల్ స్టాండంటే పైన రేకులు, చుట్టూ రేకులు, ఒక పక్క చెక్కబల్లలు పేర్చి చేసిన వేదిక. అంత చిన్న చోట ఇంతమంది తన కోసం నిలబడతారని అతను అనుకోలేదు. భార్య కూడా వచ్చింది. ఒక స్తంభానికి ఆనుకుని, ఫిర్యాదు వినబోయే మనిషిలా తల కొంచెం పక్కకి వంచి నిలబడింది. బావమరిది దరువు పెట్టాడు. కింద లిఫ్టు రొద కూడా కలిపి పెట్టాడు, తోడుగా ఉంటుందని.

పెట్టె మీద పాటతో మొదలుపెట్టాడు. జనం అతనితో పాటు పాడటం మొదలుపెట్టారు. తను లిఫ్టులో ఒక్కడే కూర్చుని చెప్పుకున్న మాటలు అంతమంది నోళ్ళలో వినపడేసరికి ఒళ్ళు ఝల్లుమంది. ధైర్యం వచ్చి, రెండోది తన పాటే ఎత్తుకున్నాడు. రోజూ పైకి పోతాను. నా ఫ్లోరేదో తెలీదు. నాలుగు పాదాలూ అయ్యాయి. ఐదోది నోటి చివర ఉంది.

అంతలో వెనకవాళ్ళు సంబరం పట్టలేక రేకుల గోడ మీద కొట్టారు. ధన్, ధన్, ధన్, ధన్.

“ఆ, వస్తున్నా! నాలుగే కదా!” అని అతను మైకులో కేకేశాడు. కుడిచెయ్యి గాల్లోకి వెళ్ళి, లేని హ్యాండిల్ని కుడికి తిప్పింది.

ఒక్క క్షణం ఎవరికీ అర్థం కాలేదు. తర్వాత స్టాండంతా పగలబడి నవ్వింది. ఇదేదో నాటకమనుకున్నారు. “ఐదు!” అని అరిచి ఐదు కొట్టారు. “ఆరు!” అని ఆరు కొట్టారు. కొట్టినప్పుడల్లా అతని నోట్లో మాట తెగిపోయింది, చెయ్యి లేచింది. ఆపుకుందామంటే ఆగలేదు. ఎక్కిళ్ళు పట్టిన మనిషిలా నిలబడి, చివరికి మైకు బావమరిది చేతిలో పెట్టి దిగిపోయాడు. చప్పట్లు మోగుతూనే ఉన్నాయి.

“అదరగొట్టేశావు బావా! ప్రతి మీటింగులోనూ ఇదే చేద్దాం,” అన్నాడు బావమరిది, బయట.

“నోరు ముయ్యరా,” అంది వాడి అక్క.

ఇంటిదాకా ఇద్దరూ నడిచే వెళ్ళారు. సందు మలుపులో ఆమె అతని కుడిచెయ్యి పట్టుకుని, అరచెయ్యి తిప్పి చూసింది. హ్యాండిలు రాపిడికి కాయగాసి, నున్నగా మెరుస్తోంది.

“ఎవరు పిలిచినా మీరు వెళ్ళకపోతే ఏమవుతుంది?” అని అడిగింది. దెప్పిపొడవడం కాదు, నిజంగా తెలుసుకోవాలని అడిగింది.

“తెలీదు. ఎప్పుడూ వెళ్ళకుండా లేను.”

తర్వాతి వారం లిఫ్టు ఆగిపోయింది. పైన గదిలో యంత్రం స్విచ్చి కట్టినప్పుడు భవనమంతా ఒక్కసారి చెవుడు వచ్చినట్టయింది. బొత్తాల పెద్దాయన దుకాణంలోంచి బయటికి వచ్చి, “ఏం ఆగింది?” అని అడిగాడు. అన్నేళ్ళూ అది మోగుతోందని ఆయనకి ఆగాకే తెలిసింది. మెకానిక్కులు లిఫ్టు డబ్బాని ముక్కలు చేసి తీసుకుపోయారు. ఇత్తడి హ్యాండిలు పెద్ద మెకానిక్కు ఇతనికి ఇవ్వబోతే వద్దన్నాడు. “చేతిలోనే ఉందిలే అన్నా,” అన్నాడు.

గేటు దగ్గర గాలీ వెలుతురూ నిజంగానే ఉన్నాయి. మూడోరోజు భోజనాల వేళ పెద్ద మెకానిక్కు వచ్చి పిలిచాడు.

“తమ్ముడూ, ఇటు రా. ఒకటి చూపిస్తా.”

“ఏంటన్నా?”

“ఇన్నేళ్ళు ఆ డబ్బాలో తిరిగావు. అది తిరిగే చోటు ఎప్పుడైనా చూశావా?”

చూడలేదు. లిఫ్టులో ఉన్నవాడికి ఆ అవకాశం ఎక్కడిది? కింది గుమ్మానికి నడుం ఎత్తున చెక్కలు అడ్డంగా బిగించి ఉన్నాయి. వాటి మీద మోచేతులు ఆన్చి లోపలికి తల పెట్టాడు. ఏడంతస్తుల నిలువు గది. పై అంతస్తుల గుమ్మాలన్నిటికీ గ్రిల్లుల వెనక చెక్కలు కొట్టారు. సందుల్లోంచి సన్నటి వెలుతురు గీతలు ఒకదాని మీద ఒకటి పైదాకా పోయాయి. గోడల మీద నూనె మరకలు, సుద్దతో వేసిన పాత గుర్తులు. మూడో గీతకీ నాలుగో గీతకీ మధ్య చీకటి ముక్కని అతను చాలాసేపు చూశాడు. అక్కడ తను ఉండేవాడు. ఇంతే చోటు!

“ఓ,” అన్నాడు, ఊరికే.

ఆ ‘ఓ’ పైకి పోయింది. ఏ అంతస్తులోనూ ఆగకుండా, ఎవరూ తలుపు తీయకుండా, తిన్నగా పైకప్పు దాకా పోయి, కొంచెం లావై తిరిగొచ్చింది. అతను ఉలిక్కిపడి మెకానిక్కు వైపు చూశాడు. మెకానిక్కు క్యారియర్ విప్పుకుంటూ, “ఇంకోటి అనుకో,” అన్నాడు.

ఇంకోటి అన్నాడు. ‘రోజూ పైకి పోతాను’ అన్నాడు. మాట నిజంగానే తను లేకుండా పైకి పోయింది. తానులున్నప్పుడు మాట పెదవి దాటగానే చచ్చిపోయేది. ఇక్కడ చావడం లేదు. ముందు మాట తోక మీద తర్వాతి మాట అడుగు పెట్టాలి. త్వరపడితే రెండూ కలిసి గజిబిజి. నిదానిస్తే మధ్యలో బోసి. రెండు మూడుసార్లు తడబడ్డాడు. తర్వాత ఎంత ఆగాలో చెవికి దొరికింది. జేబులోంచి ఫోను తీసి చెక్క మీద పెట్టాడు.

నాలుగు పాదాలు అయ్యాయి. ఐదోది వచ్చింది. అది మేనమామ గురించి. హ్యాండిలు చేతికిస్తూ ఆయన చెప్పిన ఒకే ఒక్క జాగ్రత్త గురించి: “ఎవరూ ఎదురుచూడకుండా చూసుకో.” ఆరోది సంగీతం టీచరు. ఏడోది...

పైన గ్రిల్లు మీద దెబ్బలు పడ్డాయి. టింగు, టింగు, టింగు, టింగు. ఉంగరం వేలు. గొంతు పైదాకా వినిపిస్తోంది, లిఫ్టు వచ్చేసిందనుకున్నాడో ఏమో పెద్దాయన. అతని కుడిచెయ్యి లేచింది. గాల్లో తిరగబోయింది. తిప్పడానికి అక్కడ ఏమీ లేదు. వెళ్ళడానికి డబ్బా లేదు. మెకానిక్కు ముద్ద నోటి దగ్గర ఆపి చూస్తున్నాడు.

అతను చెయ్యి చెక్క మీద ఆన్చాడు. ఆ నాలుగు దెబ్బలు ఇంకా గోడల మధ్య తిరుగుతుండగానే, వాటి మీదే అడుగేసి, ఏడో పాదం చెప్పాడు. పైన మళ్ళీ కొట్టారు. ఈసారి ఐదో అంతస్తు, సుతారంగా. ఆరువాళ్ళు కాలితో తన్నారు. వింతగా ఉందని కొట్టారో, అలవాటు కొద్దీ కొట్టారో. అతను ఎవరి దగ్గరికీ వెళ్ళలేదు. దెబ్బలే అతని దగ్గరికి వచ్చాయి, దరువులా. ఇంట్లో మేకు చప్పుడుకి లేచిన రోజు గురించి చెప్పాడు. రేకుల మీద దెబ్బలకి నవ్వులపాలైన మధ్యాహ్నం గురించి చెప్పాడు. తన చెయ్యి తిప్పి చూసిన మనిషి గురించి చెప్పాడు. చెప్పడానికి ఇక ఏమీ మిగలనంతవరకూ చెప్పి, ఆగాడు. ఆఖరి మాట ఇంకాస్త దూరం పోయి, తనంతట తనే ఆగింది. టక్కుమనలేదు.

“మొత్తానికి అయిందా?” అన్నాడు మెకానిక్కు.

“అయిందన్నా.”

“తినేసి రంపం పడతాను మరి. చెవులు మూసుకో.”

ఆ పాట బయటికి వచ్చాక వినేవాళ్ళ తగువు కొత్త మలుపు తిరిగింది. రొద ఏమైందని సగం మంది అలిగారు. ఏ నూతిలో దిగి పాడారని మిగతా సగం ఆరా తీశారు. వ్యాసం రాసినాయన ఈసారి ఏమీ రాయలేదు. ‘మా ఫ్రిజ్ బాగానే మూలుగుతోంది. మీదే ఆగిపోయినట్టుంది, ఏమైంది?’ అని ఆ అమ్మాయి అడిగింది. ఎనిమిదేళ్ళలో మొదటిసారి అతను జవాబు రాశాడు. హ్యాండిలు దగ్గర మొదలుపెట్టి, బోర్డు, తానులు, అబద్ధాలాడిన హమాలీలు, అన్నీ రాశాడు. చాలా పొడుగైంది. చదివి ఆమె, ‘ఇది మాత్రం నేను నమ్మను’ అని రాసింది.

కొత్త లిఫ్టు బిగించిన వారానికి అతని భార్య ఆఫీసు నుంచి వస్తూ గేటు దగ్గర ఆగింది. అతను పార్సిళ్ళ మధ్య స్టూలు మీద కూర్చుని, పొద్దున్న ఎవరూ లేనప్పుడు కొత్త లిఫ్టెక్కి దాని గోడకి చెవి ఆన్చి విన్న సంగతి చెబుతున్నాడు. అది మూలగదట. ఊపిరి బిగబట్టుకున్న మనిషిలా ఉంటుందట. ఐదు దాటాక మాత్రం ఎక్కడో చిన్న ఈల వేస్తుందట. ఆ ఈల శ్రుతి ఏమిటో బావమరిదిని తెచ్చి చూపించాలట.

భవనం లోపల ఎవరో కొత్త లిఫ్టు తలుపు మీద కొట్టారు. నాలుగు దెబ్బలు.

“మిమ్మల్ని పిలుస్తున్నట్టున్నారు,” అంది ఆమె.

“బటనుంది. గుర్తొస్తే నొక్కుకుంటారు. ముందు ఇది విను,” అని, ఆ ఈల ఎలా ఉంటుందో వేసి చూపించాడు.